లోపలి నుంచి తలుపు తట్టే మనిషి

మొన్న శుక్రవారం ఆఫీసులో బాత్‌రూమ్ తలుపు బిగుసుకుపోయింది. గడియ తిరుగుతోంది గాని తలుపు రావడం లేదు. ఫోను డెస్కు మీదే వదిలేసి వచ్చాను. శుక్రవారం మధ్యాహ్నం కదా, మా అంతస్తులో సగంమంది అప్పటికే ఇళ్ళకు జారుకున్నారు. ఏం చెయ్యాలో తోచక తలుపు తట్టాను. లోపలి నుంచి తలుపు తట్టడం నాకదే మొదటిసారి. తట్టిన చెయ్యి అలాగే గాల్లో ఆగిపోయింది. ఈ పని చేసే మనిషి ఒకాయన నాకు తెలుసు.

అప్పుడు బయటి నుంచి మూడు దెబ్బలు వినిపించాయి. గట్టిగా కాదు, మెల్లగా, ఒకే ఎడంతో, అనుమతి అడుగుతున్నట్టు. "హలో, ఐయామ్ స్టక్ ఇన్ హియర్!" అని అరిచాను. ఎవరూ పలకలేదు. చాలాసేపటికి నా పక్క సీటు అమ్మాయి నన్ను వెతుక్కుంటూ వచ్చి, మెయింటెనెన్స్ అతన్ని పిలిచి తలుపు తీయించింది. "ఇందాక తట్టింది నువ్వేనా?" అని అడిగితే, తను ఇప్పుడే వచ్చానంది. ఎవరో పోతూ పోతూ తట్టి ఉంటారని నాకు నేనే చెప్పుకున్నాను. ట్రైన్‌లో మెల్‌బోర్న్ శివార్లలోని మా టార్నీట్ వచ్చేదాకా అదే చెప్పుకుంటూ వచ్చాను. స్టేషన్లో దిగేసరికి ఆ మాట నాకే నమ్మబుద్ధి కాలేదు.

లోపలి నుంచి తలుపు తట్టే ఆ మనిషి ఒక చలికాలం మా ఇంట్లో ఉన్నాడు. పేరు రాయను. ఆయనకే తన పేరు మీద పెద్దగా నమ్మకం ఉండేది కాదు. పడవల మీద వచ్చినవాళ్ళను ఈ దేశం బంధించి ఉంచే ద్వీపంలో ఉన్నన్నేళ్ళూ పడవ నంబరుతోనే పిలిచేవారట. మేం పేరు పెట్టి పిలిస్తే, ఇంకెవరైనా వచ్చారేమోనని వెనక్కి తిరిగి చూసేవాడు. నాకంటే బాగా పెద్దవాడు, అయినా నన్ను 'అక్కా' అనేవాడు. నేనేమో 'అన్నా' అనేదాన్ని. ఎవరు ఎవరికి పెద్దో తేల్చుకోకుండానే ఆ చలికాలం గడిచిపోయింది.

ఆయన్ని మాకు అంటగట్టింది గుడిలో వంటలు చూసే ఆంటీ. "మీ ఇంట్లో ఆ చివరి గది ఊరికే పడి ఉంది కదమ్మా, కొన్నాళ్ళు పెట్టుకోండి. శ్రీలంక తమిళాయన. శనివారాలు మన కిచెన్‌లో కూరలు తరుగుతాడు. నోట్లో నాలుక లేదు పాపం" అంది. నేను చెడ్డదాన్ని కాదు గాని, పిలిచి ఇంట్లో పెట్టుకునేంత మంచిదాన్ని అని మాత్రం చెప్పుకోలేను. ఇంట్లో ఆడపిల్ల ఉంది, మనకెందుకీ తలనొప్పి అనుకున్నాను. ఆ మాట పైకనే లోపే మా ఆయన సరేననేశాడు. అప్పుడు మా అత్తగారు విజిటర్ వీసా మీద వచ్చి మా దగ్గరే ఉన్నారు. ఆవిడది సూళ్ళూరుపేట. అక్కడివాళ్ళకు తమిళం ఇంట్లో భాష ఎంతో అంత. "అరవం మాట్లాడే మనిషి ఒకడు ఇంట్లో ఉంటే నాక్కూడా పొద్దుపోద్దిలే" అన్నారు. ఓటింగు అక్కడితో ముగిసింది.

వచ్చిన మర్నాడు ఉదయం నేను పాప లంచ్‌బాక్స్ కడుతున్నాను. కారిడార్ చివర ఎవరో తలుపు తట్టారు. వీధి తలుపేమోనని వెళ్ళి చూస్తే ఎవరూ లేరు. మళ్ళీ తట్టారు. చప్పుడు ఆయన గదిలోంచి వస్తోంది, లోపలి నుంచి. తలుపు బిగుసుకుందేమోనని మా ఆయన వెళ్ళి పిడి తిప్పితే వెన్నలా తెరుచుకుంది. ఆయన గుమ్మానికి అడుగు దూరంలో, చేతులు రెండూ కనబడేలా పెట్టుకుని నిలబడి ఉన్నాడు. "బయటికి రావచ్చా?" అని అడిగాడు.

సంగతి అత్తగారు తమిళంలో అడిగి మాకు చెప్పారు. యుద్ధంలో తండ్రి పోయాడు. తర్వాత పడవెక్కాడు. పడవని సముద్రంలోనే ఆపి, అందులో ఉన్నవాళ్ళందరినీ ద్వీపానికి పట్టుకెళ్ళారు. అక్కడ ఏళ్ళు గడిచాయి. గుండె జబ్బు ముదిరితే వైద్యానికని మెల్‌బోర్న్ తెచ్చి, ఆసుపత్రి అయ్యాక ఒక హోటల్ గదిలో పెట్టారు. హోటలంటే మనకు తెలిసిన హోటలే, మెత్తటి పరుపు, గోడకు టీవీ. కిటికీ మాత్రం తెరుచుకోదు, తలుపు బయట కుర్చీలో గార్డు. బయటికి రావాలంటే లోపలి నుంచి తట్టాలి. గార్డుకి బుద్ధి పుడితే తీస్తాడు. ఒక చలికాలం, ఒక వేసవి, మళ్ళీ చలికాలం అలా తట్టాడు. ఆ తర్వాత ఒక రోజు చేతిలో ఇక్కడ ఉండనిచ్చే కాగితం పెట్టి వెళ్ళమన్నారు. కొన్ని నెలలకొకసారి ఆ కాగితం పొడిగించుకోవాలి. పొడిగించకపోతే మళ్ళీ లోపలికే.

"ఇక్కడ తాళం లేదు నాయనా, నువ్వే తీసుకుని రా" అని అత్తగారు ఎన్నిసార్లు చెప్పారో. ఆయన బుద్ధిగా తలూపేవాడు. మర్నాడు మళ్ళీ తట్టేవాడు. చివరికి మాకే అలవాటైంది. చప్పుడు వినబడగానే ఎవరు దగ్గరుంటే వాళ్ళు "రండి" అని కేకేసేవాళ్ళం. పోపు మాడుతున్నా, ఆఫీసు మీటింగులో ఉన్నా ఆ ఒక్క మాటా అనాల్సిందే. అనేదాకా రాడు. ఒకసారి విసుగొచ్చి పలక్కుండా ఊరుకున్నాను. తలుపు కింద సందులోంచి ఆయన పాదాల నీడ కనబడుతూనే ఉంది, కదల్లేదు. నాకు భయమేసి నేనే వెళ్ళి తీశాను.

ఇంట్లో ఆయన ఉన్నట్టే ఉండేది కాదు, అదే భయం. సోఫాలో కూర్చున్నా వీపు ఆనించడు. కంచం చేత్తో పట్టుకునే తింటాడు. టీనా కాఫీనా అంటే "ఏదుంటే అది" అంటాడు. సాయంత్రం వెలుతురు తగ్గుతూండగా మంచం పక్కన నిటారుగా నిలబడి, ఎవరో వచ్చి మనుషుల్ని లెక్క పెట్టుకుని పోయేదాకా అన్నట్టు ఆగి, తర్వాత కూర్చుంటాడు. అలా నిలబడినప్పుడు మా పాప చూసి, "అమ్మా, హూ ఈజ్ హీ వెయిటింగ్ ఫర్?" అని అడిగింది. ఒక ఆదివారం మా ఆయన ఉత్సాహంగా వెరిబీ బీచ్‌కు తీసుకెళ్ళాడు. అందరం నీళ్ళ వైపు కూర్చుంటే ఆయన సముద్రానికి వీపు పెట్టి, కార్ పార్క్ చూస్తూ కూర్చున్నాడు. చిప్స్ మాత్రం ఇష్టంగా తిన్నాడు. "ఎలా ఉంది అన్నా?" అంటే, "చప్పుడు బాగుందక్కా. మనిషిని పిలిచినట్టే ఉంటుంది" అన్నాడు. ఆ తర్వాత మేం బీచ్ మాటెత్తలేదు.

గోడ సంగతి మొదట కనిపెట్టింది అత్తగారే. ఆయన గదికీ పాప గదికీ మధ్య ఒకటే గోడ. ఇక్కడి గోడల సంగతి తెలిసిందే, అట్టపెట్టెలాంటివి, లోపలంతా డొల్ల. రోజూ సాయంత్రం ఆ నిలబడడం అయ్యాక ఆయన గోడ మీద మూడు దెబ్బలు కొట్టేవాడు. కొట్టి, చెవి ఆనించి, చాలాసేపు ఉండేవాడు.

"ఏంది నాయనా అది? గోడతో ఏం పని నీకు?" అని అత్తగారు అడిగారు. భోజనాల బల్ల దగ్గర, కళ్ళు కంచంలోనే పెట్టుకుని చెప్పాడు. ద్వీపంలో పక్క మంచం కుర్రాడు ఒకడుండేవాడు. అదే పడవలో వచ్చినవాడు. ఈయన తమ్ముడూ అని పిలిచేవాడు. వాడికీ జబ్బు చేస్తే ఇక్కడికే తెచ్చారు. హోటల్లోనూ పక్క గదే. కానీ ఒకరి గదికి ఒకరు వెళ్ళకూడదు. అందుకని సాయంత్రం లెక్క అయిపోగానే ఈయన గోడ మీద మూడుసార్లు కొట్టేవాడు. ఉన్నావా అని. అటు నుంచి రెండు దెబ్బలు వచ్చేవి. ఉన్నానని. ఒక సాయంత్రం రాలేదు. తెల్లారి తలుపు తీసినప్పుడు చూస్తే పక్క గది బార్లా తెరిచి ఉంది. దుప్పట్లు మారుస్తున్నారు.

"ఏమయ్యాడని అడగబళ్ళా?" అన్నారు అత్తగారు.

"అందర్నీ అడిగానమ్మా. చెప్పకూడదన్నారు. అది అతని ప్రైవసీ అన్నారు."

ఆ ఒక్క ఇంగ్లీషు ముక్కా ఆయన ఎంత శుభ్రంగా పలికాడంటే, మా ఆయన తినడం ఆపేశాడు. నాకు ఒళ్ళు మండింది. ఎవరి మీదో తెలియని మంట. మనిషి బతికున్నాడో లేదో చెప్పకపోవడానికి కూడా ఒక మర్యాదైన పేరుంది చూడండి.

అత్తగారికి ఆ రాత్రి నుంచి ఒకటే చింత. మహాలయ అమావాస్య దగ్గర పడుతోంది. ఆ రోజు గుడిలో అందరినీ కూర్చోబెట్టి తర్పణాలు ఇప్పిస్తారు. "నెత్తురు సంబంధమే ఉండబళ్ళేదు నాయనా, స్నేహితులకి కూడా వదలొచ్చు. ఒక దోసెడు నువ్వులు, నీళ్ళు వాడి పేరున వదులు. లేకుంటే దప్పికతో తిరగతా ఉంటాడు" అన్నారు. ఆయన చేతులు జోడించాడు. "వాడు పోయాడని నాకెవరూ చెప్పలేదమ్మా. బతికున్నవాడికి వదిలితే?" అన్నాడు. బతికున్న మనిషికి నువ్వులు నీళ్ళు వదలడమంత పాపం ఇంకోటి లేదు. ఆచూకీ లేనివాళ్ళకు పన్నెండేళ్ళు ఆగాలంటారు గాని, ఇటు పోయినవాడు దప్పికతో ఉంటే ఆ పన్నెండేళ్ళూ ఎవరు భరించాలి? ఆయన గోడ ముందు నిలబడేది ఈ ఒక్కటి తేల్చుకోవడానికే. అది తేలితే తప్ప ఆ గదిలోంచి ఆయన నిజంగా బయటికి రాడని నాకు అప్పుడు అర్థమైంది.

ఆ తర్వాత వారమో ఏమో. సాయంత్రం నేను కూర కలుపుతున్నాను, అత్తగారు పక్కనే ఉన్నారు. గోడ మీద మూడు దెబ్బలు. కాసేపటికి, టకటకమని రెండు దెబ్బలు. కారిడార్‌లో తలుపు తెరుచుకుంది. ఆయన తట్టలేదు, మేమెవరం రమ్మనలేదు, తనంతట తను తలుపు తీసుకుని వంటింట్లోకి వచ్చి నిలబడ్డాడు. "జవాబు వచ్చిందమ్మా" అన్నాడు. నేను ఆయన ముఖం చూడలేకపోయాను.

ఆ రెండు దెబ్బలు ఎవరివో నాకూ అత్తగారికీ చెప్పక్కర్లేదు. పాప గదిలోకి వెళ్ళాం. పాప మంచం మీద కూర్చుని స్లైమ్ పిసుకుతోంది. "హీ సౌండెడ్ లోన్లీ. సో ఐ నాక్డ్ బ్యాక్. నానమ్మ టోల్డ్ మీ టూ మీన్స్ యెస్" అంది. పిల్ల ముందు ఆ కథ చెప్పొద్దంటే ఈవిడ వినరు.

నిజం చెప్పేద్దామన్నాను నేను. "చెప్తే ఏమొస్తాది? తలుపు తీసుకున్నాడు గదా" అన్నారు అత్తగారు. మా ఆయన కూడా అటే. సరే, అలాగే సాగింది. రోజూ సాయంత్రం మూడు, పాప వైపు నుంచి రెండు. ఆయన తలుపులు తనే తీసుకున్నాడు. ఒక్కడే షాపింగ్ సెంటర్‌కు వెళ్ళి మునక్కాడలు తెచ్చాడు. ఒకరోజు కాఫీయే కావాలని అడిగాడు. నాకు మాత్రం అది నచ్చలేదు. నా కూతురు రోజూ పొద్దుగూకే వేళ బొమ్మలన్నీ పక్కన పెట్టి, చెయ్యి గోడకు దగ్గరగా పెట్టుకుని, ఎవరో ముక్కూ మొహం తెలియనివాడి తరఫున 'ఉన్నాను' అని చెబుతోంది. ఆ వేళప్పుడు పిలిస్తే పలికేది కాదు.

సెప్టెంబర్‌లో పాప స్కూల్ క్యాంప్‌కు వెళ్ళింది. బస్సెక్కించి వచ్చాక గాని మాకెవరికీ తట్టలేదు, సాయంత్రం జవాబు చెప్పేవాళ్ళు లేరని. అత్తగారు దీపం దగ్గర కూర్చున్నారు, మా ఆయన ఇంకా ఆఫీసు నుంచి రాలేదు. ఇక నేనే ఆ పని చెయ్యాలని పాప గదిలోకి వెళ్ళి మంచం అంచున కూర్చున్నాను. లైటు వెయ్యలేదు, ఎందుకో. కిటికీలో ఇంకా కాస్త వెలుతురుంది. గోడకు అటువైపు ఆయన నిలబడడం, ఊపిరి తీసుకోవడం కూడా తెలుస్తోంది.

మూడు దెబ్బలు పడ్డాయి.

నేను చెయ్యి ఎత్తాను. ఇంకా గోడకు తగల్లేదు. నా చేతికీ గోడకూ మధ్య జానెడు ఖాళీ ఉంది. అప్పుడు ఒక దెబ్బ వినిపించింది. అటు నుంచి కాదు. నా వెనక నుంచీ కాదు. గోడ లోపలి నుంచి. అయిపోయిందనుకున్నాక, ఒక ఊపిరంత సేపు ఆగి, ఇంకోటి.

నేను ఎలా లేచానో తెలియదు. కారిడార్‌లోకి వచ్చి పడ్డాను. ఆయన అప్పటికే తన గుమ్మంలో ఉన్నాడు. నన్నూ, నా వెనక తెరిచి ఉన్న పాప గదినీ చూశాడు. ఆయన తమిళం, నా తెలుగు, మధ్యలో మా ఇద్దరి ఇంగ్లీషు. ఆ రోజు ఒక్క మాట కూడా అర్థం కాకుండా పోలేదు.

"నువ్వా అక్కా?"

అవునంటే అక్కడితో పోయేది. ఆ మాట నాలుక చివరిదాకా వచ్చింది. కానీ నా ముఖం నా మాట వినేలా లేదు. "నేను కాదన్నా" అన్నాను.

"పాప?"

"లేదు. పొద్దున క్యాంప్‌కు వెళ్ళింది."

"పాప చెయ్యి నాకు తెలియదా అక్కా. చిన్న చెయ్యి, గబగబా కొడుతుంది. మొదటి రోజే తెలుసు" అన్నాడు.

"మరి జవాబు వచ్చిందన్నారు?"

"వచ్చింది కదా. వాడి జవాబు ఆగిపోయాక నేను తట్టిన గోడ నుంచి జవాబు రావడం అదే మొదలు." అని, గొంతు తగ్గించి అడిగాడు. "ఇప్పుడు ఎలా కొట్టారు? వెంట వెంటనేనా?"

"కాదు. ఒకటి కొట్టి, అయిపోయిందనుకున్నాక ఇంకోటి."

ఆయన కళ్ళు మూసుకున్నాడు. నవ్వాడు కూడా. "వాడే. రెండో దెబ్బకి వాడికి ఎప్పుడూ బద్ధకమే" అన్నాడు. తర్వాత గుమ్మం పట్టుకుని కిందికి జారి కూర్చున్నాడు. "అయితే పోయాడక్కా. బతికుంటే ఎక్కడో ఒక గదిలో ఉంటాడు. మీ గోడలోకి ఎలా వస్తాడు?" అన్నాడు. అత్తగారు లోపలి నుంచి వచ్చి ఆయన తల మీద చెయ్యి వేసి నిలబడ్డారు. నేను ఏడ్చాను. భయానికో జాలికో చెప్పలేను, రెండూ ఉన్నాయి.

అమావాస్య నాడు గుడి హాల్లో ఆయన మా ఆయన పక్కన కూర్చున్నాడు. అయ్యగారు వచ్చి పేరు, గోత్రం అడిగారు. ఆయన తమ్ముడి పేరు చెప్పాడు. మేం ఆ పేరు వినడం అదే మొదలు. గోత్రం తెలియదన్నాడు. "తెలియకపోతే కాశ్యప గోత్రం అనండి. ఏ గోత్రమూ తెలియనివాళ్ళందరిదీ అదే" అన్నారు అయ్యగారు. ఆయన ఆ పేరు మూడుసార్లు స్పష్టంగా పలికి, నల్ల నువ్వులతో నీళ్ళు వదిలాడు. ఆ సాయంత్రం ఆయన నిలబడలేదు, గోడ తట్టలేదు. గోడ కూడా ఊరుకుంది.

తర్వాత కొన్నాళ్ళకే బ్రిస్బేన్ వెళ్ళిపోయాడు. అక్కడ స్ప్రింగ్‌ఫీల్డ్ లేక్స్‌లో ఎవరో తెలిసినవాళ్ళు పని చూపిస్తామన్నారట. వీధి తలుపు తనే తీసి, "వెళ్ళొస్తానక్కా" అన్నాడు. అత్తగారు కూడా ఊరికి వెళ్ళిపోయారు. ఆ గదిలో ఇస్త్రీ బల్ల, పాత సూట్‌కేసులు చేరాయి.

మొన్న స్టేషన్ నుంచి ఇంటికి రాగానే గుడి ఆంటీకి ఫోన్ చేశాను. ఆయన ఎలా ఉన్నాడని అడిగాను. "నీకు తెలీదా అమ్మా? కాగితం పొడిగించుకోడానికి వెళ్ళినవాడు తిరిగి రాలేదంట. ఇక్కడే ఎక్కడో లోపల పెట్టారని ఒకళ్ళు, ద్వీపానికి తోలేశారని ఒకళ్ళు. అసలే గుండె జబ్బు మనిషి. మనవాళ్ళు వెళ్ళి అడిగితే చెప్పకూడదన్నారంట. అదేదో ప్రైవసీ అంట" అంది.

సూళ్ళూరుపేటకు ఫోన్ చేసి అత్తగారికి అంతా చెప్పాను. ఆఫీసులో తలుపు సంగతితో సహా. "మూడే కొట్టినాడా?" అని అడిగారు. అవునన్నాను. "నువ్వు రెండు కొట్టినావా?" లేదన్నాను. అరిచాను గాని కొట్టలేదు. అత్తగారు అన్నారు. "మళ్ళా అమావాస్య వస్తుండాది. నువ్వులు, నీళ్ళు సంగతి నా కొడుకు చూసుకుంటాడులే. అది తర్వాత. అడిగిన మనిషికి ముందు జవాబు చెప్పు. చెప్పేదాకా రాడు గదా వాడు."

ఫోన్ పెట్టేసేసరికి సాయంత్రం వెలుతురు తగ్గుతోంది. పాపను టీవీ ముందు కూర్చోబెట్టి కారిడార్ చివరికి వెళ్ళాను. ఆ గది తలుపు మూసి ఉంది. ముందు రోజు బట్టలు ఇస్త్రీ చేశాక నేనే మూశాను. లోపల ఏముంటుందో నాకు తెలుసు. అయినా తలుపు కింద సందు వైపు చూడలేదు. అక్కడ నీడ ఉంటే ఆయన పోయాడని, లేకపోతే ఆయన ఎక్కడున్నాడో నాకెవరూ చెప్పరని. రెండూ నాకు వద్దు.

తలుపు మీద రెండుసార్లు తట్టాను. పిడి తిప్పి బార్లా తెరిచాను.

"బయటికి రండన్నా" అని, దారికి అడ్డం లేకుండా పక్కకు జరిగాను.